నటుని స్వాతంత్ర్యము

(బడంగ్‌పేటయందలి యొక పఠనమందిరమున ఏప్రిల్ 16వ తేదీని చేయబడిన ఉపన్యాసపాఠము)



నేడు ఏప్రిల్ 16వ తేది. తెలుగు నాటకమునకు ఈ తేదీతో రెండు సంబంధములు గలవు. 1848వ సంవత్సరమున ఈ దినముననే కందుకూరి వీరేశలింగము పంతులుగారు రాజమహేంద్రవరమున జన్మించిరి. 1946వ సంవత్సరమున ఈ దినముననే బళ్లారి రాఘవగారు కీర్తిశేషులైరి. మొదటివారి జన్మదినమును తెలుగు నాటకరంగ దినోత్సవముగా జరుపుకొనుచున్నాము. రెండవవారి వర్ధంతియు నేడేయని తలచువారు తక్కువ. ఆ తక్కువమందిలో ఈ పఠనమందిరమువారు చేరి మమ్ము మాటాడుటకు పిలిచిరి. అందులకు వారికి మా కృతజ్ఞతలు.

మేము న్యాయవాదవృత్తిలోనివారము. మావంటివారు నాటకమును గూర్చి మాటాడుటలో నొక చమత్కారము గలదు. పంతులుగారు 1880లో తమ విద్యార్థులచేత ఆడించిన ‘వ్యవహారధర్మబోధిని’ తెలుగున ప్రదర్శింపబడిన నాటకములలో మొదటిదని చెప్పుదురు. అది దేనిని గూర్చినది? వకీళ్ల అక్రమములను గూర్చినది. అనగా ఆధునిక తెలుగు నాటకము మా వృత్తిని వెక్కిరించుచునే పుట్టినదన్నమాట! ఆ 1880వ సంవత్సరముననే ఆగస్టు 2వ తేదీని తాడిపత్రిలో నొక శిశువు పుట్టెను. ఆ శిశువు పెరిగి పెద్దవాడై వకీలయ్యెను. మా వృత్తి నాటకరంగమునకు పడిన బాకీని ఆ యొక్క వకీలే వడ్డీతో సహా తీర్చెను. ఆయనయే రాఘవగారు.

వారి జీవితమును తేదీలవారీగా వల్లించుట మా యుద్దేశము గాదు. ఆ జీవితము మనయెదుట నిలుపు ప్రశ్న యొకటి గలదు. నటుడు స్వతంత్రుడు గాగలడా? ప్రేక్షకులు కోరినదెల్ల ఇయ్యక, తాను సత్యమని నమ్మినదానినే రంగముపై చూపగల ధైర్యము వానికి ఎక్కడినుండి వచ్చును? దానిని ఎవరు కాపాడవలయును? నేటి మా మాటలన్నియు ఈ ప్రశ్న చుట్టునే తిరుగును.

వారి అసలు పేరు తాడిపత్రి రాఘవాచార్యులు. తండ్రిగారు నరసింహాచార్యులు పాఠశాలలో తెలుగు పండితులు. రాఘవగారు బళ్లారిలో ఉన్నతపాఠశాల చదువు ముగించి, చెన్నపురి క్రైస్తవ కళాశాలయందు పట్టభద్రులై, పిమ్మట అచ్చటి న్యాయకళాశాలలో చదివి, బళ్లారిలో వకీలు పని ప్రారంభించిరి. క్రిమినల్ వ్యాజ్యములలో వారికి గొప్ప పేరు వచ్చెను. ఊరి పేరే వారి యింటిపేరయ్యెను.

ఆ ఊరి సంగతియు కొంత చెప్పవలసియున్నది. బళ్లారి అప్పుడు చెన్నరాజధానిలోనిది. 1953లో ఆంధ్రరాష్ట్రము ఏర్పడినపుడు మైసూరునకు చేరి, నేడు కర్ణాటకములో నున్నది. అచ్చట తెలుగును కన్నడమును ఒకే వీధిలో వినబడును. రాఘవగారి కాలమునకు ముందే ఆ యూర రెండు నాటకసమాజములు పోటీపడి పెరిగినవి. ఒకటి ధర్మవరము రామకృష్ణమాచార్యులవారి సరసవినోదినీ సభ. రెండవది కోలాచలము శ్రీనివాసరావుగారి సుమనోరమ సభ. ధర్మవరమువారు ‘చిత్రనళీయము’, ‘విషాదసారంగధర’ మొదలగు నాటకములు రచించి ఆంధ్రనాటక పితామహులని ప్రసిద్ధికెక్కిరి. రాఘవగారికి వారు మేనమామ. కోలాచలమువారు చరిత్రనాటకములు వ్రాయుటయేగాక ప్రపంచ నాటకచరిత్రను ఆంగ్లమున గ్రంథముగా వెలయించిరి. ఈ యిరువురును వకీళ్లే. పగలు కోర్టు, రాత్రి రంగము: ఇదియే ఆ యూరి పెద్దల దినచర్య. మేనల్లుడు మేనమామ నాటకములో హిరణ్యకశిపుడు. కోలాచలమువారి విజయనగర నాటకములో పఠాను రుస్తుము. షేక్స్పియరు నాటకములను ఆంగ్లముననే ఆడుటకు బళ్లారిలో నొక క్లబ్బును గూడ రాఘవగారు స్థాపించిరి. తెలుగు, కన్నడము, ఆంగ్లము: మూడు భాషలయందును వారు నటించిరి.

ఇచ్చట గమనింపదగిన దొకటి గలదు. రాఘవగారు నాటకము వలన జీవించినవారు గారు. కోర్టు వలన జీవించి నాటకమునకు వెచ్చించినవారు. వేషము వేసినందులకు పైకము పుచ్చుకొనలేదు. ప్రదర్శనముల రాబడి ధర్మకార్యములకు పోవుచుండెను. ఇది కేవలము ఔదార్యమని మనము మెచ్చుకొని యూరకుండుట తగదు. దీనివలన వారికి లభించిన శక్తి యెట్టిదో చూడవలయును.

ఆనాటి తెలుగు రంగస్థలము ఎట్లుండెనో పెద్దలవలన మీరును వినియుందురు. తెర లేచెను, హార్మోనియము మ్రోగెను. నటుడు ముందునకు వచ్చి పద్యము నెత్తుకొని, అర్థము రెండు నిమిషములలో ముగిసినను రాగమును పది నిమిషములు సాగదీయును. వెంటనే వెనుక బెంచీలనుండి ‘వన్సుమోరు!’ అని కేక. యుద్ధములో కూలినవాడు లేచి మరల పాడును. పాడి మరల చచ్చును. రాజ్యము పోయిన రాజును, బిడ్డను పోగొట్టుకొన్న తల్లియు ఒకే రీతిగ రాగాలాపనము చేయుదురు. కాంట్రాక్టరు ఇద్దరు ముగ్గురు ప్రసిద్ధ గాయకనటులను వేర్వేరు ఊళ్లనుండి రప్పించి, ముందుగా కలిసి అభ్యసింపకయే ఒకే రంగముపై నిలిపి, టిక్కెట్లు అమ్ముకొనును. అట్టి నటుడు ‘వన్సుమోరు’నకు ఎదురు చెప్పగలడా? చెప్పినచో మరునాడు వానికి పిలుపు రాదు. వానియందు ప్రతిభ లేకపోలేదు. ఆ గాయకనటుల కంఠములు అమోఘములు. తెలుగు పద్యమును పల్లెపల్లెకు చేర్చినవారు వారే. కాని వారి కళ్లెము ప్రేక్షకుని చేతిలో నుండెను.

రాఘవగారి కళ్లెము వారి చేతిలోనే యుండెను. పాత్ర యేడ్వవలసినచోట ఏడ్పే యుండవలయును గాని రాగముండరాదని వారు వాదించిరి. పద్యముకన్న వచనమునకు, గానముకన్న భావమునకు, కంఠముకన్న కన్నులకు ప్రాధాన్య మిచ్చిరి. చూపులో, నడకలో, మాటకు మాటకు నడుమ నూరకుండుటలో పాత్రను చూపిరి. దుర్యోధనుడు, చాణక్యుడు, హరిశ్చంద్రుడు, కబీరు: ఇందులో ఏ యొక్కరును మరియొకరివలె మాటాడరు, ఏ యొక్కరును మరియొకరివలె కోపింపరు. ఇది సహజనటనమని నేడు మనము సులువుగా అనుచున్నాము. ఆనాడు అది సాహసము. పాట కోరి వచ్చినవారికి పాట లేకుండ నాటకము చూపి, వారిని కదలక కూర్చుండబెట్టుట సామాన్యకార్యమా?

మా వృత్తివారు ఇందులో నొక రహస్యము నెరుగుదురు. న్యాయస్థానమున సాక్షి బోనెక్కినపుడు వాని మాటలకన్న వాని చేతివ్రేళ్లు ఎక్కువ చెప్పును. అబద్ధము పలుకువాడు బిగ్గరగా పలుకును. నిజముగా దుఃఖించువాడు మాట తడబడి ఆగిపోవును. దినమంతయు ఇట్టి ముఖములను చదివినవానికి కృత్రిమమైన ఏడ్పు రుచించునా? క్రిమినల్ కోర్టును మించిన నటనశాల లేదని మేము తలంతుము. అచ్చట ఏడ్చువారికి ‘వన్సుమోరు’ చెప్పువారుండరు.

ఇట్టి మార్పు ఆ కాలమున మన దేశముననే గాదు, ఇతరదేశములందును జరుగుచుండెను. రష్యాలో స్టానిస్లావ్‌స్కీ యను మహానటుని కథ మనకిచ్చట పనికివచ్చును. ఆయన 1863లో మాస్కోలో జన్మించెను. ఇంటిపేరు అలెక్సేయెవ్, బంగారు వెండి జలతారు చేయించు సంపన్నవర్తకుల కుటుంబము. పగలు వ్యాపారము చూచుకొని, రాత్రి మారుపేరుతో వేషములు వేసెను. 1897లో నెమిరోవిచ్ దాన్‌చెంకో యను నాటకకర్తతో నొక భోజనశాలలో మొదలుపెట్టిన సంభాషణ 18 గంటలు సాగినదట. దాని ఫలితముగా 1898లో మాస్కో ఆర్ట్ థియేటరు వెలసెను. అంతకు రెండేండ్ల ముందు పీటర్సుబర్గులో నవ్వులపాలైన చెహోవు నాటకము ‘సీగల్’ ఆ సంవత్సరమే వీరి చేతిలో విజయము పొందెను. నాటకము మారలేదు, నటనము మారినది. నటుడు పాత్ర బాధను నటింపరాదు, ఆ పాత్ర పరిస్థితిలో తానుండిన నేమి చేయునో దానిని చేయవలయునని ఆయన బోధ. 1928లో రంగముపైననే ఆయనకు గుండెజబ్బు వచ్చెను. పిమ్మట వేషము వేయలేదు గాని, 1938లో మరణించువరకు యువనటులకు నేర్పుచునే యుండెను.

ఈ యిరువురును ఒకరినొకరు అనుకరించిరని మేము చెప్పుటలేదు. ఒకరు జలతారు వర్తకుడు; ఒకరు వకీలు. ఇరువురికిని కూడు వేరొకచోట లభించెను గావున, ఇరువురును రంగముపై నిజము చెప్పగలిగిరి. కాని తేడా యొకటి గలదు. స్టానిస్లావ్‌స్కీ తన స్వాతంత్ర్యమును ఒక సంస్థగా మార్చెను. ఆ సంస్థ ఆయన తరువాతను నిలిచినది. రాఘవగారి స్వాతంత్ర్యము వారి వెంటనే పోయినది. ఈ తేడాకు కారణము వారు గారు, మనము. దానిని గూర్చి తుదిని చెప్పెదము.

1927లో గాంధీమహాత్ముడు రాఘవగారి ‘దీనబంధు కబీరు’ను చూచిరి. మగ్గము నేయు కబీరును రాట్నము వడుకు మహాత్ముడు చూచుటకన్న తగిన ప్రేక్షకుడు ఆ నాటకమునకు దొరకునా? 1928లో రాఘవగారు ఐరోపాకు వెళ్లి అచ్చటి నాటకశాలలను చూచిరి. ఇంగ్లండులో బెర్నార్డ్ షాను కలిసికొనిరి. షా వారిని మెచ్చి యేమనెనో పలువురు పలువిధముల చెప్పుదురు. ఆ పొగడ్తపై మేము ఎక్కువ ఆధారపడము. తెలుగువాడు తన నటుని విలువ తెలిసికొనుటకు ఆంగ్లేయుని ప్రశంసాపత్రము కావలయునా? వారి ప్రయాణము వలన మనకు తెలియవలసిన దేమనగా, నలువది యెనిమిదేండ్ల వయస్సున, వృత్తియందు పేరు సంపాదించి, ఇంట సుఖముగా నుండదగినవాడు, నేర్చుకొనుటకై సముద్రము దాటెను. ఆ వయస్సునకు దగ్గరపడుచున్న మావంటివారికి ఇది సిగ్గు కలిగింపదగినది.

ఇక స్త్రీల సంగతి. ఆనాడు పట్టణసమాజములలో స్త్రీపాత్రలను పురుషులే ధరించుచుండిరి. అందు స్థానము నరసింహారావుగారివంటి మహానటులు గలరు. వారి సత్యభామను చూచినవారు స్త్రీలే వారివలన సొగసు నేర్చుకొనిరని చెప్పుకొందురు. 1956లో ప్రభుత్వము వారికి పద్మశ్రీ బిరుదు నిచ్చినది. సురభినాటకసమాజములవారి కుటుంబములలో స్త్రీలు మొదటినుండియు వేషములు వేయుచుండిరి. అయినను చదువుకొన్న కుటుంబములనుండి స్త్రీ రంగమెక్కుట అపకీర్తిగా తలంపబడుచుండెను. రాఘవగారు దీనిని ఒప్పుకొనలేదు. సహజనటనము కావలయునన్నచో స్త్రీపాత్రను స్త్రీయే ధరింపవలయుననిరి. మాటతో నూరకుండక, కొమ్మూరి పద్మావతీదేవిగారు మొదలగు విద్యావతులను ప్రోత్సహించి తమతోకూడ నటింపజేసిరి. రచ్చకెక్కి మాటలు పడినవారు ఆ స్త్రీలు. వారి ధైర్యము రాఘవగారి ధైర్యముకన్న తక్కువది గాదు. లోకమున పెద్దవకీలు పొందు మర్యాద వారికి కవచముగా లేదుగదా!

నాటకవస్తువునందును వారు మార్పు కోరిరి. పురాణములనే గాక ఇప్పటి యిండ్లలోని కష్టమును రంగమెక్కింపవలయునని వారి పట్టుదల. పి. వి. రాజమన్నారుగారి ‘తప్పెవరిది’ యను సాంఘికనాటకమును వారు ప్రదర్శించిరి. రాజమన్నారుగారును వకీలే; 1948లో చెన్నపురి ఉన్నతన్యాయస్థానమునకు ప్రధానన్యాయమూర్తి యయిరి. అందలి కిరీటము లేని మనుష్యులు మామూలు దుస్తులతో మామూలు మాటలు మాటాడుకొనిరి. తెలుగు సాంఘికనాటకమున కది యొక మలుపు.

అంతట సినిమా వచ్చెను. వారు మూడు చిత్రములలో నటించిరి. 1936లో ‘ద్రౌపదీ మానసంరక్షణము’న దుర్యోధనుడు. అదే సంవత్సరము అదే కథతో ‘ద్రౌపదీ వస్త్రాపహరణము’ అను మరియొక చిత్రము వచ్చెను. ప్రజలు రెండవదానినే ఆదరించిరి. 1939లో ‘రైతుబిడ్డ’, 1940లో ‘చండిక’. సూక్ష్మాభినయము నెరిగిన నటునికి కెమెరా దగ్గరిచుట్టమే కావలసినది. కాని ఆనాటి మన సినిమా నాటకముల పద్యములను, పాటలను వెంటదెచ్చుకొని వచ్చెను. రాఘవగారు ఏ ‘వన్సుమోరు’నుండి తప్పించుకొనజూచిరో అదియే టిక్కెట్టుకిటికీ రూపమున ఎదురయ్యెను. ఆ రంగమున వారు ఎక్కువకాలము నిలువకుండుటకు ఇదియే కారణమని మా యభిప్రాయము.

అయినను ‘రైతుబిడ్డ’ యొక్కటి చాలును. ‘మాలపిల్ల’ తీసిన గూడవల్లి రామబ్రహ్మముగారే దానిని దర్శకత్వము చేసిరి. అందు రాఘవగారు రైతు. అప్పుపడిన చిన్నరైతు ఎన్నికలలో జమీందారు పక్షమువానికి వోటు వేయ నిరాకరించి బాధలు పడును. చమత్కారమేమనగా, ఆ చిత్రము తీయించినవారిలో చల్లపల్లి జమీందారు గారొకరు! తక్కిన జమీందారులకది గిట్టలేదు. కొన్ని ప్రాంతములలో చిత్రప్రదర్శనము నిషేధింపబడెను. ఒక తెరపై బొమ్మకు భయపడినవారి అధికారము ఎంత బలహీనమైనదో దీనివలననే తెలియును. తొమ్మిదేండ్లకు, 1948లో చెన్నరాష్ట్రమున జమీందారీల రద్దుకు శాసనమయ్యెను. 1949లో మన హైదరాబాదు రాజ్యమున జాగీర్లు రద్దయినవి. ఆ దినములను చూచుటకు రాఘవగారు జీవించియుండలేదు.

సోదరులారా! మన ప్రశ్నకు మరల వత్తము. రాఘవగారు స్వతంత్రులైరి, నిజమే. కాని ఆ స్వాతంత్ర్యమునకు వెల కోర్టు చెల్లించెను. ప్రతి నటుడును వకీలు గావలయునా? రంగము తప్ప వేరు జీవనములేని సురభివారివంటి కుటుంబములు 1885 నుండి తరతరములుగా తెరలు మోసి, మన నగరమున శేరిలింగంపల్లిలో నేటికిని ఆడుచున్నారు. వారు కళాసేవయందు రాఘవగారికి తీసిపోవుదురా? వారికి ప్రేక్షకుడే కూడు. ప్రేక్షకుడు చెడురుచి కోరినచో వారేమి చేయుదురు? పైకము పుచ్చుకొనకుండుటయే నటుని గొప్పయని చెప్పినచో, పైకము పుచ్చుకొనువానిని తక్కువ చేసినట్లగును. అది అన్యాయము. వకీలు ఫీజు తీసికొని న్యాయము పలుకవచ్చునట. నటుడు జీతము తీసికొని సత్యము చూపరాదా?

కావున మా సమాధానమిది. నటుని స్వాతంత్ర్యము నటుని సొత్తు మాత్రము గాదు, ఊరి సొత్తు. ఊరు దానిని పోషించినచో కలుగును. లేనిచో సంపన్నుడైన యొక్కనితో పుట్టి వానితో పోవును. మాస్కోవారు తమ నటునికి సంస్థను నిలిపిరి. బళ్లారివారు రాఘవగారి పేర కళామందిరమును నిలిపిరి. తక్కిన తెలుగువారము మనమేమి నిలిపితిమి?

ఈ బడంగ్‌పేటను చూడుడు. 2008లో శంషాబాదున విమానాశ్రయము తెరవబడినది మొదలు ఇచ్చట పొలములు ప్లాట్లయినవి, ప్లాట్లు మేడలైనవి. బాలాపురము, నాదర్‌గుల్, మామిడిపల్లి యెల్లలు ఎచ్చట ముగియునో క్రొత్తవానికి తెలియదు. నలుదిక్కులనుండి వచ్చిన కుటుంబములు ఒకే వీధిలో నుండియు ఒకరి పేరొకరు ఎరుగరు. పెండ్లికి మండపములు కలవు. అమ్మకమునకు అంగళ్లు కలవు. పదిమంది కూర్చుండి ఒక మంచి మాట వినుటకు చోటేది? ఇట్టి క్రొత్త ఊరికి నాటకము విలాసము గాదు. అపరిచితులు నెలదినములు కలిసి అభ్యసించి, ఒకరి మాట కొకరు వేచి, ఒక కథను కలిసి చెప్పుటకన్న వీధిని ఊరుగా మార్చు సాధనము మేమెరుగము.

మేము పెద్దకోరికలు కోరము. ఏటేట ఏప్రిల్ 16న ఈ యూరివారే ఒక తెలుగు నాటకమును ఆడుడు. నెలదినములు అభ్యసించి ఆడుడు. అది మన వీధుల కష్టసుఖములను గూర్చినదై యుండనిండు. భూమి అమ్ముకొని పైకము ఖర్చయిన రైతు కథ వెదకుటకు ఇచ్చటివారు దూరము పోవలసినది లేదు. మీ యాడపడుచులను రంగమెక్కనిండు. ఎక్కినవారిని గూర్చి వీధిలో నొక్క చులకనమాట పుట్టకుండ కావలి కాయుడు. సురభివంటివారిని పిలిచినపుడు ఉచితపాసు లడుగక టిక్కెట్టు కొని కూర్చుండుడు. నటుడు మౌనముగా నిలిచినపుడు చేతిలోని ఫోను వంక చూడక వాని ముఖమువంక చూడుడు. ఈ చిన్నపనులవలననే నటునికి స్వాతంత్ర్యము వచ్చును.

రాఘవగారి పటమునకు పూలమాల వేయుట సులభము, వేసితిమి. ‘వన్సుమోరు’ అనక, వారు చూపిన నిజమును ఒక్కమారు శ్రద్ధగా చూచుట కష్టము. ఆ కష్టమునకు ఈ యూరివారు సిద్ధపడుదురని నమ్ముచున్నాము.